సగుణతో ఆరు నెలలు

"మీరు వడ్డెర బస్తీ నుంచి వచ్చారు కదమ్మా, మీ వాళ్ళ రాతిపని పాటల మీద ఎంత పరిశోధన చేయొచ్చు! ఈ విక్టోరియన్ నవలల గొడవ మీకెందుకు?"

ఒక సెమినార్‌లో నా పేపరు అయిపోయాక, టీ కప్పు పట్టుకుని నిలబడినప్పుడు ఒక పెద్దాయన అడిగిన మాట ఇది. వెక్కిరింపుగా అడగలేదు. ఆదరంగానే అడిగారు. అందుకే జవాబు చెప్పడం ఇంకా కష్టమైంది. వలస పాలన, స్త్రీ విద్య, ఇంగ్లీషు భాషతో మనకున్న లావాదేవీలు అంటూ నాలుగు మాటలు చెప్పి తప్పించుకున్నాను. అవి అబద్ధాలు కావు. కానీ అసలు జవాబు కూడా కాదు. అసలు జవాబు నా థీసిస్‌లో కూడా లేదు. మూడు వందల చిల్లర పేజీల్లో ఎక్కడా దానికి చోటివ్వలేదు. ఇన్నేళ్ళకి ఇక్కడ రాద్దామని కూర్చున్నాను. ఇక్కడైతే చదివేవాళ్ళు నా జబ్బు గురించి విని కుర్చీ వెనక్కి జరుపుకోరన్న ధైర్యం.

మా ఇల్లు మాణికేశ్వర్ నగర్‌లో. ఆ పేరు చెబితే ఆటోవాళ్ళు కాస్త ఆలోచిస్తారు. వడ్డెర బస్తీ అంటే వెంటనే అర్థమవుతుంది. ఉస్మానియా క్యాంపస్‌ను ఆనుకునే ఉంటాం. అటు వెడల్పాటి రోడ్లు, చెట్లు, పొద్దున్నే వాకింగ్ చేసేవాళ్ళు. ఇటు ఒకటిన్నర గదుల ఇళ్ళు, మూడిళ్ళకి కలిపి ఒక లెట్రిన్. 1939లో తెరిచిన ఆర్ట్స్ కాలేజీ బిల్డింగుకి రాయి కొట్టినవాళ్ళలో మా ముత్తాత ఉన్నాడని మా అవ్వ చెప్పేది. మా బస్తీలో చాలా ఇళ్ళలో ఈ మాట వినిపిస్తుంది. ఆ బిల్డింగుకి ప్లాను గీసినవాళ్ళ పేర్లు పుస్తకాల్లో దొరుకుతాయి గానీ శానం పట్టినవాళ్ళ పేర్లు దొరకవు కాబట్టి అవ్వ మాటే నాకు రికార్డు. నేను అదే కాలేజీలో ఎం.ఏ. ఇంగ్లీషులో చేరిన రోజు అవ్వ అడిగిన మొదటి ప్రశ్న "ఏ గోడ పక్కన కూసుంటవే?" అని.

మా నాయిన కూడా రాయి మనిషే. ముందు ఊరి చివర క్వారీల్లో, తర్వాత కంకర మిషన్ దగ్గర. చేత్తో కొట్టే రోజుల్లో లేచే దుమ్ము వేరు, మిషన్ మింగి ఊసే దుమ్ము వేరు. సాయంత్రం ఇంటికొస్తే కనుబొమలు కూడా తెల్లగా ఉండేవి. రాతి దుమ్ములో ఉండే సిలికా ఒకసారి ఊపిరితిత్తుల్లోకి దిగితే మళ్ళీ బయటకి రాదనీ, అలా గట్టిపడిన ఊపిరితిత్తుల్లో టి.బి. సులువుగా కాపురం పెడుతుందనీ నాకు చాలా ఏళ్ళ తర్వాత తెలిసింది. అప్పుడు మాకు తెలిసిందల్లా దగ్గు ఒకటే. రాత్రిపూట దాని వరస మాకు కంఠతా వచ్చేది. ఎక్కడ ఆగుతుందో, ఎక్కడ మళ్ళీ మొదలవుతుందో.

ఆఖరికి ఎర్రగడ్డకి తీసుకెళ్ళారు. మా బస్తీలో ఎర్రగడ్డకి పోయిండంటే రెండర్థాలు. అక్కడ ఛాతీ ఆసుపత్రి ఉంది, మానసిక వైద్యశాల కూడా ఉంది. అడిగినవాళ్ళకి మా అమ్మ ఏదీ విప్పి చెప్పేది కాదు. మనిషికి మతి చెడిందనుకుంటే అనుకోనీ, టీబీ అని మాత్రం అనుకోవద్దు. అది ఆమె లెక్క. నేను తొమ్మిదో తరగతిలో ఉండగా నాయిన పోయాడు. అమ్మ అప్పటికే తార్నాకలో రెండిళ్ళలో పనిచేసేది. ఆ తర్వాత నాలుగిళ్ళయ్యాయి.

పీహెచ్‌డీకి నేను ఎంచుకున్నది విక్టోరియన్ స్త్రీల నవలల్లో ఆడపిల్లల చదువు. జార్జ్ ఎలియట్ 'ది మిల్ ఆన్ ది ఫ్లాస్'లో మ్యాగీ అన్నయ్య లాటిన్ పుస్తకం తెరిచి, తనకి వచ్చేస్తుందని మురిసిపోయే చోట నేను ఇరుక్కుపోయాను. 1860లో వచ్చిన ఆ నవలలో ఆమె ఇంగ్లీషు పల్లెలో మిల్లు యజమాని కూతురు, నేను రాయికొట్టే ఆయన కూతుర్ని. అయినా ఆ ఆత్రం నాకు తెలుసు. బస్తీ పిల్లనైతే బస్తీ మీదే రాయాలన్న మాటలో ఒక తిరకాసు ఉంది. మ్యాగీ గురించి తార్నాకలో మా అమ్మ పనిచేసే ఇంటి అమ్మాయి రాస్తే ఎందుకని ఎవరూ అడగరు.

కృపాబాయి సత్తియనాథన్ నాకు పరిచయమైంది సూసీ తారు, కె. లలిత సంపాదకత్వంలో 1991లో వచ్చిన 'విమెన్ రైటింగ్ ఇన్ ఇండియా' మొదటి సంపుటంలో. హైదరాబాదులో, మా క్యాంపస్ చుట్టుపక్కల మనుషుల మధ్య తయారైన పుస్తకమది. మనం భండారు అచ్చమాంబ గారిని తలుచుకున్నంతగా కృపాబాయిని తలుచుకోం. ఆమె మరాఠీ మనిషి, రాసింది ఇంగ్లీషులో, బతికింది ఎక్కువగా మద్రాసులో. మూడు చోట్లా ఎవరో ఒకరు 'మా ఆవిడ కాదు' అనడానికి వీలుంది. నేను ఆమె మీద ఒక్క అధ్యాయం రాద్దామనుకున్నాను. 1998లో ఆక్స్‌ఫర్డ్ వాళ్ళు చాందనీ లోకుగే సంపాదకత్వంలో మళ్ళీ వేసిన 'సగుణ', 'కమల' రెండూ లైబ్రరీ నుంచి తెచ్చుకున్నాను. అది 2014 ఎండాకాలం.

అదే ఎండాకాలం నాకు సాయంత్రం పూట జ్వరం మొదలైంది. బరువు తగ్గితే థీసిస్ పని అనుకున్నాను. దగ్గితే చలవగది పడలేదనుకున్నాను. అమ్మ మాత్రం ఏమీ అనుకోలేదు. ఒక రాత్రి లేచి కూర్చుని నా దగ్గు వింటోంది. చీకట్లో ఆమె ముఖం కనబడలేదు గానీ వింటోందని తెలిసింది. తెల్లారి పనికి పోకుండా నన్ను సర్కారు దవాఖానకి తీసుకెళ్ళింది. కళ్ళె పరీక్షలో వచ్చింది.

ఆ రోజుల్లో మందులు వారానికి మూడుసార్లు. సోమ, బుధ, శుక్ర. ఒక్కసారే ఏడు మాత్రలు, ఎవరో ఒకరు ఎదురుగా ఉండి మింగించాలి. రోజూ వేసుకునే పద్ధతి ఆ తర్వాత వచ్చింది. ఒక్కొక్కరికి ఒక్కో డబ్బా, ఆరు నెలల మందూ అందులోనే, డబ్బా మీద పేషెంటు పేరు. మా బస్తీలో అంగన్‌వాడీ టీచరమ్మ దగ్గరే వేసుకోవచ్చన్నారు. నేను వద్దని దూరంగా ఇంకో సెంటర్ రాయించుకున్నాను. గుడ్లు, పప్పులు బాగా తినాలని డాక్టరమ్మ చెప్పింది. సెంటర్‌కి నడిచే దారిలో తార్నాకలో జాతీయ పోషకాహార సంస్థ గేటు. దేశానికంతా ఎంత ప్రొటీను కావాలో లెక్కగట్టే చోటు ముందు నుంచి ఒక గుడ్డు తిని, ఏడు మాత్రలు మింగడానికి పోతున్నానని తలుచుకుంటే నవ్వొచ్చేది. మూత్రం ఎర్రగా వస్తుంది, అది మందు రంగు, భయపడొద్దని ముందే చెప్పారు. నేను భయపడలేదు. కానీ మూడిళ్ళ లెట్రిన్‌లో రెండు బకెట్లు ఎక్కువ పోసి, వెనకాల ఎవరు నిలబడ్డారో చూసుకుని బయటకి వచ్చేదాన్ని.

నేను పాఠాలు చెప్పే ప్రైవేటు కాలేజీలో టైఫాయిడ్ అని చెప్పాను. టైఫాయిడ్ మర్యాదస్తుల జబ్బు. థీసిస్ గడువు పొడిగించమని రాసిన దరఖాస్తులో 'కుటుంబ కారణాల వల్ల' అని రాశాను. మా గైడ్ మేడమ్‌కి కూడా చెప్పలేదు. ఆమె చాలా మంచి మనిషి, చెబితే ఇంకా బాగా చూసుకునేదేమో. అయినా చెప్పలేదు. స్త్రీ శరీరం మీద వ్యాసాలు రాసేదాన్ని, మన స్నేహితులు తెచ్చిన 'సవాలక్ష సందేహాలు' పదిమందికి కొనిచ్చినదాన్ని, నా శరీరం దగ్గరికి వచ్చేసరికి మా అమ్మ దారే పట్టాను.

ఆ ఆరు నెలలూ మంచం మీద సగం, కిటికీ దగ్గర సగం నేను చదివింది కృపాబాయిని. మిగతా పుస్తకాలు పట్టుకోలేకపోయాను.

ఆమె కథ తెలియనివాళ్ళ కోసం కొంచెం చెబుతాను. 1862లో అహ్మద్‌నగర్‌లో పుట్టింది. తండ్రి హరిపంత్, తల్లి రాధాబాయి. బొంబాయి ప్రెసిడెన్సీలో క్రైస్తవం తీసుకున్న తొలి బ్రాహ్మణుల్లో వాళ్ళు. పద్నాలుగు మంది పిల్లల్లో ఈమె పదమూడోది. తండ్రి చిన్నప్పుడే పోయాడు. చదువు మీద ఆశ పెట్టిన పెద్దన్న భాస్కర్ కూడా చిన్న వయసులోనే పోయాడు. డాక్టరు కావాలని కోరిక. ఇంగ్లండు వెళ్ళి చదువుకునే అవకాశం వచ్చింది గానీ ఆరోగ్యం నిలవదని ఆపారు. మద్రాసు మెడికల్ కాలేజీ 1875లో ఆడవాళ్ళకి తలుపులు తెరిచింది. 1878లో కృపాబాయి అందులో చేరింది. మొదటి ఏడాది బహుమతులన్నీ దాదాపు ఆమెవే. ఆ ఏడాది తిరిగేసరికి ఆరోగ్యం చెడి చదువు ఆగిపోయింది. 1881లో కేంబ్రిడ్జి నుంచి తిరిగొచ్చిన శామ్యూల్ సత్తియనాథన్‌తో పెళ్ళి. ఊటీలో ముస్లిం ఆడపిల్లల కోసం బడి నడిపింది. 'ఒక భారతీయ స్త్రీ' అన్న పేరుతో పత్రికలకి రాసింది. భర్త ఉద్యోగం వెంట 1884లో రాజమండ్రి, తర్వాత కుంభకోణం, 1886లో మళ్ళీ మద్రాసు. అక్కడ 'సగుణ' రాసింది. 1887, 88లలో మద్రాస్ క్రిస్టియన్ కాలేజ్ మ్యాగజైన్‌లో సీరియల్‌గా వచ్చింది. ఒక్క బిడ్డ పుట్టి, ఏడాది నిండకుండానే పోయింది. ఆ దిగులులో ఉండగానే క్షయ అని, నయం కాదని చెప్పారు. అప్పుడు కూర్చుని 'కమల' రాసింది. 1894 ఆగస్టు 3న చనిపోయింది. ముప్ఫై రెండేళ్ళు.

నాకు అప్పుడు ఇరవై ఆరు. లెక్క వేసుకోకుండా ఎవరుంటారు?

'సగుణ' ఆమె జీవితానికి చాలా దగ్గర. మొదటి భాగమంతా తల్లిదండ్రుల కథ. రాధ అనే చిన్న బ్రాహ్మణ భార్య ఒకరోజు లేచేసరికి భర్త మతం మారిపోయాడు. ఆమెని ఎవరూ అడగలేదు. భర్తతో ఉంటూనే మడి వదలదు, తన కుండ తనది, తన పొయ్యి తనది. మతం మారడమంటే ఆదర్శంగా చెప్పే పుస్తకాల్లో ఈ రెండో పొయ్యి కనబడదు. కృపాబాయి దాన్ని చూసింది, ప్రేమగా చూసింది. తర్వాత సగుణ అన్నల పుస్తకాల వెంట పడుతుంది. ఆడపిల్లకెందుకంటే ఒళ్ళు మండుతుంది. మ్యాగీ నాకు మళ్ళీ కనబడింది, ఈసారి మనింటి పక్కన. మెడికల్ కాలేజీ దాకా ఊపిరాడకుండా నడిచే కథ, చదువు ఆగిపోయాక త్వరత్వరగా పెళ్ళి వైపు మళ్ళుతుంది. మొదటిసారి చదివినప్పుడు నాకు కోపమొచ్చింది. ఇంత చదువు కథ చెప్పి చివరికి కేంబ్రిడ్జి పెళ్ళికొడుకా అని. జ్వరంలో రెండోసారి చదివినప్పుడు ఆ కోపం నిలబడలేదు. ఇరవై పేజీలు రాయడానికి ఎంత బలం కావాలో నాకు అప్పుడు తెలుస్తోంది. మధ్యాహ్నం రెండున్నరకి ఇంక చేయి లేవదు. ఏ అధ్యాయం పొడుగ్గా ఉందో, ఏది తొందరగా ముగిసిందో చూసి శిల్పం గురించి వాదించే మనం, రాసే మనిషికి రోజుకి ఎన్ని గంటలు చేతికొచ్చాయో అడగం.

ఆ కాలంలో క్షయకి ఒక అందం ఉండేది, సాహిత్యంలో. 'జేన్ ఎయిర్'లో హెలెన్ బర్న్స్ ఎంత నెమ్మదిగా, ఎంత పవిత్రంగా పోతుంది! షార్లెట్ బ్రాంటీకి ఆ జబ్బు తెలియక కాదు. ఇద్దరు అక్కలు చిన్నప్పుడే పోయారు. నవల వచ్చిన మరుసటి ఏడాది, 1848లో, ఎమిలీ పోయింది, 1849లో ఆన్. మన దగ్గర కలకత్తాలో తోరూ దత్ ఇరవై ఒకటో ఏట, 1877లో, అదే జబ్బుతో పోయింది. ఆమె రాసిన ఫ్రెంచి నవల ఆ తర్వాత అచ్చయింది. ఇలాంటి రచయిత్రుల గురించి రాసినప్పుడల్లా సుకుమారం, సున్నితం, రాలిపోయిన పువ్వు అనే మాటలే. కృపాబాయి గురించి రాసిన దొరసానులూ ఆమె సౌమ్యతనే ఎక్కువ తలుచుకున్నారు. ఏ వ్యాసంలోనూ కళ్ళె ఉండదు. పక్కన పెట్టిన కంచం ఉండదు. మా ఇంట్లో నా కంచం, గ్లాసు వేరే పెట్టింది అమ్మ. అవసరం లేదని డాక్టరమ్మ చెప్పినా వినలేదు. రాధ రెండో పొయ్యి గురించి చదువుతూ నేను ఆ వేరే కంచంలో తిన్నాను.

రాబర్ట్ కాఖ్ ఈ క్రిమిని 1882లోనే కనిపెట్టాడు. కృపాబాయి రాజమండ్రి వచ్చేనాటికి జబ్బుకి కారణం తెలిసి రెండేళ్ళు. కానీ దాన్ని చంపే మొదటి మందు స్ట్రెప్టోమైసిన్ 1943 దాకా లేదు. అంటే ఆమె దగ్గర ఉన్నవి ఊటీ గాలి, విశ్రాంతి, ప్రార్థన. మంచి గాలి, మంచి తిండి, శానటోరియం. డబ్బున్నవాళ్ళ మందులు. ఈ లెక్క మారింది కూడా మద్రాసులోనే. 1956లో అక్కడ పెట్టిన టి.బి. చికిత్సా కేంద్రంలో, ఇరుకిళ్ళలో ఉండే పేదవాళ్ళని రెండు గుంపులుగా చేసి, సగం మందిని శానటోరియంలో, సగం మందిని ఇళ్ళలోనే ఉంచి మందులిచ్చారు. 1959లో ఫలితం చెప్పారు. ఇంట్లో ఉండి మందు వేసుకున్నవాళ్ళకీ అంతే బాగా నయమైంది, ఇంట్లోవాళ్ళకి అదనంగా జబ్బు అంటనూ లేదు. ప్రపంచమంతా శానటోరియంలు మూతపడటానికి అదొక పెద్ద కారణం. ఎదురుగా నిలబెట్టి మింగించే పద్ధతికి కూడా మూలాలు అక్కడే ఉన్నాయి. ఇది తెలిసిన రోజు నాకు వింతగా అనిపించింది. కృపాబాయి చదువు ఆపుకున్న ఊళ్ళో, ఆమె పోయిన అరవై ఏళ్ళకి, నాలాంటి ఇళ్ళవాళ్ళ మీద చేసిన పని వల్ల నేను మాణికేశ్వర్ నగర్ ఒకటిన్నర గదిలో కూర్చుని, ఆమె పుస్తకం పట్టుకుని బతుకుతున్నాను. థీసిస్‌లో ఈ పేరా పెట్టడానికి చోటెక్కడ? సాహిత్య విభాగంలో మాత్రల గురించి ఎవరు రాస్తారు?

ఆమెతో నాకు పేచీలు లేవని కాదు. ఊటీలో తోడాలను చూడ్డానికి వెళ్ళి ఆమె రాసిన వ్యాసం చదివితే నాకు ఇబ్బందిగా ఉంటుంది. దొరసానులు తనని చూసే చూపు తెలిసిన మనిషే, అక్కడికి వెళ్ళి అదే చూపుతో చూస్తుంది. ఆమె నవలల నడిమధ్యన నిలబడేవాళ్ళు రాధ, సగుణ, కమల. ముగ్గురూ బ్రాహ్మణ ఇళ్ళ బిడ్డలే. మతం మారినా పుట్టిన ఇంటి గొప్ప ఆమె కథ చెప్పే తీరులోంచి పోలేదు. వాళ్ళ ఇళ్ళకి పునాది రాయి కొట్టినవాళ్ళ కూతురు ఒకరోజు ఈ పుస్తకం చదువుతుందని ఆమె అనుకుని ఉండదు. ఈ సంగతి అధ్యాయంలో రాశాను, గట్టిగానే రాశాను. కానీ రాస్తున్నంతసేపూ ఆమె మీద విరక్తి మాత్రం రాలేదు. దబాయించే దూరపు బంధువుతో దెబ్బలాడినట్టు ఉండేది.

ఎక్కువ తగాదా 'కమల' ముగింపు దగ్గర. కమల కొండల్లో తండ్రి దగ్గర పెరిగిన పిల్ల. చదువుకున్న గణేశ్‌కి ఇచ్చి చేస్తారు. అత్త సాధింపులు, మొగుడి అనుమానం, మధ్యలో సాయి అనే ఇంకొక ఆవిడ. మొగుడు పోతాడు. పసిబిడ్డ పోతుంది. మొదట్నుంచీ ఆమెను కోరుకున్న రామచందర్ వచ్చి పెళ్ళాడతానంటాడు. కమల ఒప్పుకోదు. మిగిలిన బతుకంతా దిక్కులేని ఆడవాళ్ళ సేవకి ఇస్తుంది. ఇది రాసిన మనిషి రాజమండ్రిలో కాపురమున్న మనిషి! వీరేశలింగం గారు మొదటి వితంతు వివాహం చేయించింది అదే ఊళ్ళో, 1881 డిసెంబరు 11న. 1883 నుంచి 'సతీహితబోధిని' నడుపుతున్నారు. వితంతువుకి పెళ్ళి చేయాలా వద్దా అని ఊరూరా తగాదాలు నడిచిన రోజులు. అలాంటిది పదేళ్ళ తర్వాత తన కథానాయిక చేత వద్దనిపించింది. భయపడిందనీ, వెనకడుగు వేసిందనీ, హిందూ వితంతువు త్యాగాన్నే మళ్ళీ మోసిందనీ నేను కూడా నోట్సులో రాసుకున్నాను.

ఆ నెలల్లో సాయంత్రం పూట అమ్మకి ఈ కథలు చెప్పేదాన్ని. ఆమె బియ్యంలో రాళ్ళు ఏరుతూ వినేది. మధ్యమధ్యలో "గా అత్తకేమైంది మల్ల?" అని అడిగేది. కమల పెళ్ళి వద్దన్న చోటికి వచ్చేసరికి నేను కొంచెం పాఠం చెప్పినట్టు చెప్పాను. చూడమ్మా, చేసుకోవచ్చు, అయినా త్యాగం చేసింది, రాసినావిడకి ధైర్యం చాలలేదు అని.

అమ్మ చేట పక్కన పెట్టింది. "త్యాగమేందే? మొగుని చేతుల పడ్డది, అత్త చేతుల పడ్డది, బిడ్డను మన్నుల పెట్టింది. పెండ్లంటెనే యాష్టకొచ్చి ఉంటది దానికి. చేసుకోనంటె చేసుకోనన్నట్టే. గాదానికో పేరు పెట్టాల్నా?"

అప్పుడు గుర్తొచ్చింది. మా వాళ్ళల్లో మారుమనువు తప్పు కాదు. నాయిన పోయిన రెండేళ్ళకి మా మేనమామ ఒక సంబంధం తెచ్చాడు. క్వారీలో మేస్త్రీ, మంచివాడే. అమ్మకి ముప్ఫై ఆరో, ముప్ఫై ఏడో. వద్దంది. అందరూ బిడ్డ కోసం వద్దన్నదని చెప్పుకున్నారు, నేనూ అదే నమ్మి, ఆమె నా కోసం ఏదో వదులుకుందన్న బరువుతో పెరిగాను. ఆ సాయంత్రం అడిగాను, నువ్వెందుకు వద్దన్నవమ్మా అని.

"ఇంకొకని దగ్గు ఇనే ఓపిక లేకుండె బిడ్డా" అంది. మళ్ళీ చేట తీసుకుంది. కొంచెంసేపు ఆగి, "నీ కోసం గూడ అనుకో" అని కలిపింది. నేను చిన్నబుచ్చుకుంటానని కలిపిందని తెలుస్తూనే ఉంది.

థీసిస్‌లో ఆ అధ్యాయం చివర ఇలా రాశాను: కమల నిరాకరణను త్యాగంగా కాక అలసటగా చదవవచ్చు, సంస్కర్తలు స్త్రీకి ఇచ్చే ఎంపికలో 'ఏదీ వద్దు' అనే జవాబుకి చోటు లేకపోవడాన్ని ఈ ముగింపు బయటపెడుతుంది. వైవాలో ఎక్స్‌టర్నల్‌గా వచ్చిన ప్రొఫెసరు గారు ఆ పేరానే ఎత్తి మెచ్చుకున్నారు. ఈ ఆలోచన మీకు ఎక్కడ తట్టింది అని అడిగారు. టెక్స్ట్‌ని దగ్గరగా చదవడం వల్ల అన్నాను. అమ్మ బయట వరండాలో కూర్చుని ఉంది, అందరికీ పంచడానికి లడ్డూల డబ్బా పట్టుకుని.

'మనకు తెలియని మన చరిత్ర' చదివి పెరిగినవాళ్ళం మనం. చదువురాని ఆడవాళ్ళ మాటే చరిత్ర అని 1986లో ఆ పుస్తకం వేసినవాళ్ళు చూపించారు. నేను దాన్ని నా మొదటి అధ్యాయంలో ఉటంకించాను కూడా. అయినా విక్టోరియన్ నవల మీద మా అమ్మ చెప్పిన విమర్శకి పేరు పెట్టడానికి నాకు నోరు రాలేదు. పాటలు పాడితే, నొప్పులు చెప్పుకుంటే ఆమె పేరు రాసేదాన్నేమో. ఒక ఇంగ్లీషు నవల ముగింపుని నాకంటే బాగా అర్థం చేసుకుందని రాయలేకపోయాను. సెమినార్‌లో ఆ పెద్దాయన మా వాళ్ళ దగ్గర పాటలే ఉంటాయనుకున్నారు. నేనూ అంతే అనుకున్నట్టేగా.

మందులు ఆ ఏడాది చివర్లో అయిపోయాయి. ఆఖరి పరీక్షలో ఏమీ లేదన్నారు. పట్టా తర్వాత నాలుగేళ్ళకి వచ్చింది. ఇప్పుడు ఒక డిగ్రీ కాలేజీలో గెస్టుగా చెబుతున్నాను, గంటల లెక్కన. పోయిన వారం ఈ వ్యాసం రాస్తానని అమ్మకి చెప్పాను. జబ్బు సంగతి రాస్తాను, నాయిన సంగతీ రాస్తాను, నీ మాటలు కూడా రాస్తాను, నీకు సరేనా అని అడిగాను. చాలాసేపు మాట్లాడలేదు.

"ఆ మాత్రలు ఏసుకున్నది రాస్తే రాయి. నయమైంది గూడ రాయి" అంది. తర్వాత, "ఆమె పుస్తకాలు అచ్చయినయా ఇంతకు?" అని అడిగింది.

అయ్యాయమ్మా అన్నాను. 1894లో 'కమల', ఆ మరుసటేడు 'సగుణ'.

"అప్పటికి ఉన్నదా మనిషి?"

'సగుణ' పుస్తకంగా వచ్చేసరికి లేదు. ఆమె పేరు మీద మెడికల్ కాలేజీలో చదివే ఆడపిల్లకి స్కాలర్‌షిప్ పెట్టారు, మద్రాసు యూనివర్సిటీలో మెట్రిక్ ఇంగ్లీషులో ఫస్టొచ్చిన ఆడపిల్లకి మెడల్ పెట్టారు అని చెప్పాను.

అమ్మ ఆలోచించింది. "మెడలా" అంది. "బంగారుదా?"